కుడి తొడా, ఎడమ తొడా: ఒక మెడికల్ కోడ్ వెనక కథ

పరుగు మధ్యలో ఆటగాడు ఠక్కున ఆగి తొడ వెనక చెయ్యి పెట్టుకుంటే కామెంటేటర్ ‘హ్యామ్‌స్ట్రింగ్’ అంటాడు. మన ఇంట్లో పెద్దవాళ్లయితే ‘నరం పట్టేసింది’ అంటారు. అదే మనిషి అమెరికాలో డాక్టర్‌కి చూపించుకుని, ఆ రికార్డు హైదరాబాద్‌లో ఒక మెడికల్ కోడర్ (డాక్టర్ రాసిన జబ్బును బిల్లు కోసం కోడ్‌గా మార్చే ఉద్యోగి) స్క్రీన్ మీదికి వచ్చిందనుకోండి. ఐసీడీ అనే జబ్బుల అంతర్జాతీయ పట్టికకు అమెరికా వాడే రూపంలో దాని పేరు ఎస్76.311ఎ.

ఎస్76 అంటే తుంటి, తొడ భాగాల్లోని కండరాలకూ, వాటిని ఎముకకు కలిపే టెండన్లకూ అయిన గాయం. 3 అంటే తొడ వెనక కండరాలు. తర్వాతి 1 స్ట్రెయిన్ (కండరం లాక్కుపోయి చిరగడం), దాని పక్క 1 కుడి కాలు. చివరి ‘ఎ’ సంగతి తర్వాత. తొడ ముందు భాగమైతే 76.1. లోపలి వైపు, అంటే క్రికెట్‌లో గ్రోయిన్ అనేదైతే 76.2.

ఏడు స్థానాల్లో ఇంత చెప్పే కోడ్, కండరం ఎంత చిరిగిందో మాత్రం చెప్పదు. కొన్ని పోగులే తెగినా, కండరం పూర్తిగా తెగినా ఇదే కోడ్. కోడ్ పుస్తకం ఇండెక్స్‌లో ‘రప్చర్’ (తెగడం) దగ్గర కండరం కోసం వెతికితే, స్ట్రెయిన్ చూడమని అక్కడికే పంపుతుంది. రోగికి అన్నిటికన్నా ముఖ్యమైన సంగతికే చోటు లేదన్నమాట. ఎందుకో తెలియాలంటే ఈ పట్టిక పుట్టిన చోటికి వెళ్లాలి.

ఇది వైద్యం కోసం పుట్టలేదు, చావుల లెక్క కోసం పుట్టింది. 19వ శతాబ్దంలో ఇంగ్లండ్ మరణాల లెక్కలు చూసిన విలియం ఫార్‌కి పెద్ద తలనొప్పి పేర్లతోనే. ఒకే జబ్బుని డాక్టర్లు తలో పేరుతో రాసేవారు. ఆయన మొదలుపెట్టిన పనిని పారిస్ గణాంక నిపుణుడు జాక్ బెర్టియాన్ ముందుకు తీసుకెళ్లి, 1893లో షికాగోలో మరణ కారణాల పట్టికను ప్రపంచం ముందు పెట్టాడు. అందులోని పెద్ద జాబితాలో 161 శీర్షికలు. 1900 నుంచి దాన్ని దాదాపు పదేళ్లకోసారి సవరిస్తూ వచ్చారు. తొడ పట్టేసి ఎవరూ చచ్చిపోరు కాబట్టి మన గాయానికి అందులో పనేముంటుంది? 1948లో ప్రపంచ ఆరోగ్య సంస్థ ఆరో సవరణ చేపట్టాకే బతికున్నవాళ్ల జబ్బులు, గాయాలు కూడా లెక్కలోకి వచ్చాయి.

అమెరికా 1979లో తొమ్మిదో సవరణకు తన చేర్పులు చేసుకుని ఐసీడీ-9-సీఎం మొదలుపెట్టింది. అందులో తుంటి, తొడల బెణుకులకూ స్ట్రెయిన్లకూ కలిపి ఒకటే గంప, 843. మొదటి రెండు ఉపసంఖ్యలు ఎముకను ఎముకతో కలిపే లిగమెంట్లవి. కండరానికి మిగిలింది ‘ఇతరం’ అనే 843.8, ‘ఎక్కడో చెప్పలేదు’ అనే 843.9. కీలు బెణికినా, కండ పట్టేసినా మనం కూడా ‘బెణికింది’ అనేస్తాం కదా, అదే పద్ధతి. కుడి ఎడమలు లేవు.

1983 ఈ కథలో పెద్ద మలుపు. ఆసుపత్రిలో చేరిన రోగి కోసం మెడికేర్ (ముఖ్యంగా పెద్ద వయసువాళ్లకు అమెరికా ప్రభుత్వం నడిపే ఆరోగ్య బీమా) ఎంత చెల్లించాలో డయాగ్నోసిస్ గ్రూపును, అంటే ఏ తరహా జబ్బో దాన్ని బట్టి తేల్చడం ఆ ఏడాదే మొదలైంది. లెక్కల పట్టిక బిల్లుల పట్టిక అయింది. అక్కణ్నుంచి కోడ్‌ని అడిగే ప్రశ్నలు మారిపోయాయి. నెలలో రెండుసార్లు తొడ స్ట్రెయిన్ బిల్లు వస్తే అది రెండో కాలా, పాత బిల్లే మళ్లీ పంపారా? డబ్బు కట్టేవాడికి కావాల్సింది అది.

పదో సవరణను ప్రపంచ ఆరోగ్య సంస్థ 1990లోనే ఆమోదించింది. అందులో ఎస్76.3 అంతటితో ఆగిపోతుంది. కాలి వైపు, గాయం రకం, చికిత్స దశ అన్నీ అమెరికా తగిలించిన తోకలే. ఆ తోకలతో వాడకానికి తేవడానికి వాళ్లకి పాతికేళ్లు పట్టింది. 2013 అన్నారు, 2014 అన్నారు, చివరికి 2015 అక్టోబర్ 1న మొదలైంది. సుమారు 14,000 కోడ్‌లు ఒక్కసారిగా 68,000 దాటాయి. తాబేలు తగిలి గాయపడితే దానికో కోడ్ ఉంది, డబ్ల్యూ59.22. కండరం ఎంత చిరిగిందో చెప్పడానికి లేదు.

చివరి అక్షరం దగ్గర అమీర్‌పేట కోచింగ్ సెంటర్లలో కొత్తగా చేరిన బీఫార్మసీ పిల్లలు తప్పకుండా తడబడతారు. పుస్తకంలో ‘ఎ’ పక్కన ‘ఇనీషియల్’ అని ఉంటుంది గానీ, మొదటి విజిట్ అని కాదు దానర్థం. గాయానికి అసలు చికిత్స నడుస్తున్నంతకాలం, నాలుగో విజిట్ అయినా ‘ఎ’నే. మానే దశలో ‘డి’, తర్వాత మిగిలిపోయే ఇబ్బందులకు ‘ఎస్’. పేరు పెట్టినవాళ్లదే తప్పు, పిల్లలది కాదు.

ఆటల డాక్టర్లు ఈ పట్టిక కోసం ఎదురుచూడలేదు. ఆస్ట్రేలియాలో జాన్ ఆర్చర్డ్ 1992లోనే ఆటగాళ్ల గాయాలకు విడిగా కోడ్‌లు తయారుచేశాడు. 2013లో అచ్చైన మ్యూనిక్ నిపుణుల ప్రకటన అసలు ‘స్ట్రెయిన్’ అనే మాటే వద్దంది. ఒక్కొక్కరు ఒక్కో అర్థంలో వాడుతున్నారని దాని అభ్యంతరం. ఫార్ పడ్డ బాధే మళ్లీ. 2014లో బ్రిటిష్ అథ్లెటిక్స్ వైద్యులు ఎంఆర్ఐ చూసి 0 నుంచి 4 దాకా గ్రేడ్ ఇచ్చే పద్ధతి తెచ్చారు. చిరుగు కండరం అంచులో ఉందా, కండరం టెండన్‌తో కలిసే చోట ఉందా, టెండన్ లోపలికే పాకిందా అన్నది పక్కన ఎ, బి, సి చెబుతాయి. ఈ ‘ఎ’కీ బిల్లులోని ‘ఎ’కీ ఏ సంబంధమూ లేదు.

పదకొండో సవరణ 2022 జనవరి నుంచి అమల్లో ఉన్నా, అమెరికా బిల్లులు ఐసీడీ-10-సీఎం, అంటే తోకలు తగిలించిన ఆ పదో సవరణ మీదే నడుస్తున్నాయి. రిపోర్టులో ‘గ్రేడ్ 2 టేర్’ అని ఉన్నా కోడర్ ఆ 2ని ఎక్కడా ఎక్కించలేడు. కుడో ఎడమో రాయకపోతే మాత్రం 76.319 వేయాలి, లేదా ఏ కాలో చెప్పమని డాక్టర్‌కి క్వెరీ పంపాలి.