ఆవిరిలో దాగిన వేడి

ఇడ్లీ పాత్ర మూత తీస్తూ చెయ్యి కాల్చుకున్నవాళ్ళకు ఈ సంగతి అనుభవమే. వేడినీళ్ళు చిందినప్పటి కన్నా ఆవిరి తగిలినప్పుడు మంట ఎక్కువ. రెండూ 100 డిగ్రీలే. మరి తేడా ఎక్కడిది?

ఒక గ్రాము మరిగే నీరు ఒంటి వేడికి, అంటే 37 డిగ్రీలకు చల్లారేలోగా సుమారు 260 జౌళ్ళ (జౌల్ అంటే వేడిని కొలిచే ప్రమాణం) వేడిని వదులుతుంది. ఒక గ్రాము ఆవిరి అయితే ముందు నీరుగా మారాలి. ఆ మార్పులోనే దాదాపు 2,260 జౌళ్ళు బయటికొస్తాయి. ఆ తర్వాత ఈ 260 ఎలాగూ ఉంది. అంటే దాదాపు పదింతలు! అందుకే ఆవిరికి చెయ్యి కాలితే తేలిగ్గా తీసుకోకండి. వెంటనే కుళాయి కింద, పారే చల్లటి నీళ్ళలో 20 నిమిషాలు ఉంచండి.

థర్మామీటరుకు కనపడని ఈ వేడినే గుప్తోష్ణం అంటారు. నీటి అణువులు ఒకదాన్నొకటి హైడ్రోజన్ బంధాలతో గట్టిగా పట్టుకుని ఉంటాయి. నీరు ఆవిరయ్యేటప్పుడు ఆ పట్టు విడిపించడానికే దాదాపు వేడంతా ఖర్చవుతుంది. ఆవిరి మళ్ళీ నీరైనప్పుడు అదే బయటికొస్తుంది. 30 డిగ్రీల దగ్గరున్న లీటరు నీళ్ళను మరిగించడానికి సుమారు 290 కిలోజౌళ్ళు చాలు. ఆ నీళ్ళన్నీ ఇగిరిపోవాలంటే మరో 2,260 దాకా కావాలి. అంతసేపూ పాత్రలో నీళ్ళు 100 డిగ్రీలు దాటవు. కాబట్టి అన్నం ఉడుకు పట్టాక మంట పెంచితే మెతుకు త్వరగా ఉడకదు, గ్యాసే త్వరగా అయిపోతుంది.

దీన్ని మొదట పట్టుకున్నది గ్లాస్గో విశ్వవిద్యాలయంలో రసాయనశాస్త్రం చెప్పిన జోసెఫ్ బ్లాక్, 1760ల మొదట్లో. ఆయన ఆలోచన మంచుతో మొదలైంది. కొద్దిపాటి వేడికే మంచు కరిగిపోయేదైతే, వసంతం రాగానే కొండల మీది మంచంతా ఒక్కసారిగా నీరై వరదలు ముంచెత్తాలి కదా! అలా జరగడం లేదంటే కరగడానికే చాలా వేడి పడుతోందన్నమాట. అదే విశ్వవిద్యాలయంలో పరికరాలు బాగుచేసే జేమ్స్ వాట్, కొంచెం ఆవిరి తనకు ఆరింతల బరువున్న చన్నీళ్ళను మరిగేదాకా వేడెక్కించడం చూసి ఆశ్చర్యపోయాడు. కారణం చెప్పింది బ్లాకే.

నాకు మాత్రం ఈ లెక్క అన్నిటికన్నా అందంగా కనిపించేది మట్టికుండలో. కుండ చెమరుస్తుంది. ఆ తడి ఆరడానికి కావలసిన వేడిలో చాలా భాగం లోపలి నీళ్ళ నుంచే తీసుకుంటుంది. పది లీటర్లలో వంద గ్రాములు ఆరితే, బయటి వేడి లోపలికి రాకపోతే, మిగతా నీళ్ళు దాదాపు ఆరు డిగ్రీలు చల్లబడతాయి. రామగుండం పొడి ఎండలో ఇది బాగా సాగుతుంది. విశాఖ ఉక్కపోతలో గాలి అప్పటికే తేమతో నిండి ఉంటుంది గనక తడి త్వరగా ఆరదు, నీళ్ళు అంతగా చల్లబడవు. చూడ్డానికి బాగుంటుందని కుండకు పెయింట్ వేస్తే మట్టిలోని సన్నటి రంధ్రాలు పూడుకుపోతాయి. అప్పుడు రామగుండంలోనైనా అంతే.