షేర్వాకు చిక్కదనం ఎక్కడిది?

ఆదివారం వండిన మటన్ షేర్వా కాస్త మిగిలిందంటే, సోమవారం పొద్దున్నే మా ఇంట్లో ముందుగా ఫ్రిజ్ తలుపు తీసేది నేనే. గిన్నె మూత తీస్తే పైన మైనంలా గట్టిపడిన తెల్లని కొవ్వు పొర కనిపిస్తుంది. చెంచా మొనతో నొక్కితే పెళుసుగా విరుగుతుంది. దాని కింద ఉన్న గోధుమరంగు షేర్వా మాత్రం గిన్నెను కుదిపితే లేత తాటిముంజెలా వణుకుతుంది. ఒక చెంచా తీసి నాలుక మీద పెట్టుకుంటే క్షణంలో కరిగి మళ్లీ షేర్వా అయిపోతుంది. పైనున్న తెల్లని పొర అలా కాదు, అంగిలికి అంటుకుని ఎంతకూ వదలదు.

కారణం వాటి కరిగే వేడిలో ఉంది. మేక, గొర్రె కొవ్వు పూర్తిగా కరగాలంటే మన ఒంటి వేడి చాలదు, నలభై డిగ్రీలు దాటాలి. కింద వణికే పదార్థం జెలటిన్. అది ముప్ఫై అయిదు డిగ్రీల లోపే కరిగిపోతుంది, అంటే నోటి వేడి దానికి సరిపోతుంది. అన్నం తగ్గించుకుని, కడుపునిండా షేర్వా తాగి లేవాలనుకునే ఇంట్లో నమ్ముకోవలసింది ఈ జెలటిన్‌నే.

మా నాన్నగారికి మధుమేహం వచ్చి పన్నెండేళ్లయింది. అన్నం సగానికి తగ్గించమని డాక్టర్ చెప్పిన కొత్తలో ఆయన బాధ ఆకలి గురించి కాదు. "అన్నంలో కలుపుకుంటే ఇదే షేర్వా బాగుంటుంది, ఉత్తదే తాగితే నీళ్లలా ఉందమ్మా" అనేవారు. చిక్కగా చేయాలని నేను రెండు బంగాళాదుంపలు వేశాను. మరోసారి శనగపిండి కలిపాను. చిక్కబడింది, కానీ కంచంలో తీసేసిన పిండి పదార్థాన్ని గిన్నెలోంచి మళ్లీ ఆయనకే వడ్డిస్తున్నానని ఆ తర్వాత గానీ తట్టలేదు. భారత వైద్య పరిశోధన మండలి చేయించిన ఇండియాబ్ అధ్యయనం 2023లో ప్రకటించిన లెక్క ప్రకారం దేశంలో మధుమేహం ఉన్నవారు 10.1 కోట్లు. ఆదివారం మాంసం వండుకునే ఇళ్లలో ఇదే తికమక ఎందరికో ఉండి ఉంటుంది.

మాంసంలో పిండి పదార్థం దాదాపు లేదని అందరికీ తెలుసు. ఎందుకు లేదన్నది ఆసక్తికరం. బతికున్న జంతువు కండరంలో గ్లైకోజెన్ అనే చక్కెర నిల్వ కొద్దిగా, సుమారు ఒక శాతం, ఉంటుంది. జంతువును కోసిన తర్వాత ఆక్సిజన్ అందని కండరం ఆ నిల్వను ఖర్చు చేసుకుంటూ పోతుంది. అది లాక్టిక్ ఆమ్లంగా మారుతుంది. కొన్ని గంటల్లో మాంసం స్వల్పంగా పులుపెక్కుతుంది, చక్కెర మాయమవుతుంది. మన దుకాణానికి వచ్చేసరికి మిగిలేవి ప్రొటీన్, కొవ్వు, నీరు. కార్జంలో మాత్రం కాస్త గ్లైకోజెన్ మిగిలి ఉంటుంది. దాని తియ్యదనం కొంత అందువల్లే.

అసలు రహస్యం ఏ ముక్క కొంటామన్న దాంట్లో ఉంది. సికింద్రాబాద్‌లోని చిలకలగూడలో మేము వెళ్లే దుకాణంలో, "అన్నా, మెడ అరకిలో, ముందుకాళ్ల పిక్క అరకిలో కొట్టివ్వండి" అంటే ఆయన ఇప్పటికీ, "తొడ ముక్క మెత్తగా ఉంటుందమ్మా, అది తీసుకోండి" అంటారు. వేపుడుకైతే ఆయన చెప్పిందే సరైనది. షేర్వాకు తొడ ముక్క వృథా. నడిచే కాలి కింది భాగం, తలను మోసే మెడ, కీళ్ల చుట్టుపక్కల కండరాలు రోజంతా పని చేస్తాయి. అలా పని చేసే కండరాన్ని పట్టి ఉంచే తెల్లని పొరలు, నరాల్లాంటి పట్టీలు అన్నీ కొల్లాజెన్ అనే ప్రొటీన్. పిక్క ముక్కను అడ్డంగా కోసి వెలుతురులో చూడండి. ఎర్రని కండ మధ్య ముత్యపు రంగులో సన్నని గీతలు మెరుస్తుంటాయి. రేపు గిన్నెలో వణకబోయేది అదే.

ఈ కొల్లాజెన్ అణువు రూపాన్ని మొదట ఊహించి చెప్పినవారిలో మన దక్షిణాది వాళ్లే ఉన్నారు. 1954లో మద్రాసు విశ్వవిద్యాలయంలో జి.ఎన్. రామచంద్రన్, గోపీనాథ్ కర్తా ఇద్దరూ కలిసి కొల్లాజెన్ మూడు పోగులు ఒకదానితో ఒకటి మెలితిరిగిన నిర్మాణమని ప్రతిపాదించారు. అంటే మూడు పాయల జడ. జడలోని పాయ, మనం పొద్దున్నే రొట్టెతో తినే పాయ వేర్వేరు మాటలే. అయినా మేకకాళ్ల పాయ అంతా ఈ మూడు పాయల జడలతోనే నిండి ఉంటుందని తలుచుకున్నప్పుడల్లా నాకు సంతోషం కలుగుతుంది. ఆ జడ అంత బిగువుగా అల్లుకోవడానికి కారణం గ్లైసిన్ అనే అతి చిన్న అమైనో ఆమ్లం, అంటే ప్రొటీన్‌ను కట్టే ఇటుకల్లో ఒకటి. ప్రతి పోగులోనూ మూడింట ఒక స్థానం దానిదే. అది చిన్నది కాబట్టే పోగులు మధ్యలో దగ్గరగా ఒదుగుతాయి.

వేడి చేస్తే ఏం జరుగుతుంది? నలభై, యాభై డిగ్రీల మధ్య కండరంలోని మయోసిన్ ప్రొటీన్ గడ్డకడుతుంది. అరవై దాటాక కొల్లాజెన్ ముడుచుకుని, బట్ట పిండినట్టు ముక్కలోని నీటిని బయటికి పిండేస్తుంది. అందుకే సగం ఉడికిన మటన్ ముక్క పచ్చిదానికంటే గట్టిగా, రబ్బరులా ఉంటుంది. ఈ దశలోనే చాలామంది కంగారుపడి, ముక్క ముదురుదని దుకాణదారుణ్ణి తిడతారు. నిజానికి అక్కడ ఆగకూడదు. డెబ్భై డిగ్రీలు దాటిన తర్వాత గంటల తరబడి ఆ జడలు నెమ్మదిగా విప్పుకుంటాయి. విడిన పోగులు నీళ్లలోకి జారి జెలటిన్‌గా మారతాయి. కండర పోగులు కోల్పోయిన నీరు తిరిగి రాదు. కానీ వాటి మధ్య జెలటిన్ పూతలా చేరడంతో నోటికి ముక్క మళ్లీ మెత్తగా, రసంగా తగులుతుంది. షేర్వా చల్లారాక ఆ పోగులు మళ్లీ జడలుగా అల్లుకోవాలని చూస్తాయి. సగం సగం అల్లుకుని వలలా ఏర్పడి నీటిని పట్టేస్తాయి. వంద గ్రాముల షేర్వాలో ఒకటిన్నర, రెండు గ్రాముల జెలటిన్ ఉంటే చాలు, ఫ్రిజ్‌లో గడ్డకడుతుంది. వేడిగా ఉన్నప్పుడు అదే జెలటిన్ షేర్వాకు బరువునిస్తుంది. తాగుతుంటే పెదవులు స్వల్పంగా అంటుకుంటాయి. పిండి ఇచ్చే చిక్కదనం నాలుక మీద ముద్దగా ఉంటుంది. ఇది జారుతూనే నిలుస్తుంది. నాకు ఇదే మేలైనదిగా అనిపిస్తుంది.

వయసు ముదిరిన జంతువులో ఈ జడల మధ్య అడ్డ ముడులు పెరుగుతాయి. విప్పడానికి ఎక్కువ సమయం కావాలి. 2019 పశుగణనలో గొర్రెల సంఖ్యలో దేశంలోకెల్లా మొదటి స్థానం తెలంగాణదే, దాదాపు 1.9 కోట్లు. మన హైదరాబాద్‌లో మటన్ పేరుతో పొట్టేలు మాంసం కూడా విరివిగా దొరుకుతుంది. ఏ వయసుదో అడిగి, దాన్ని బట్టి సమయం పెంచుకోవాలి.

హైదరాబాద్ సముద్ర మట్టానికి అయిదు వందల మీటర్లకు పైగా ఎత్తులో ఉంది. ఇక్కడ నీళ్లు సుమారు 98 డిగ్రీలకే మరుగుతాయి. మామూలు గిన్నెలో మెడ, పిక్క మెత్తబడటానికి రెండు, రెండున్నర గంటలు పడుతుంది. కుక్కర్‌లో ఆవిరి ఒత్తిడి వల్ల వేడి 120 డిగ్రీల దరిదాపుకు చేరుతుంది, కాబట్టి అరగంటలోపే పని అయిపోతుంది. కుక్కర్ పుట్టుకే ఈ పని కోసం. 1679లో లండన్‌లో డెనీ పాపిన్ అనే ఫ్రెంచి శాస్త్రవేత్త రాయల్ సొసైటీ ముందు ప్రదర్శించిన పాత్ర ఎముకలను మెత్తబరచడానికి తయారైనదే. కూతలు లెక్కపెట్టే అలవాటు మాత్రం నమ్మదగినది కాదు. కూత అంటే ఎక్కువైన ఆవిరి బయటికి పోవడమే. మంట పెద్దదైతే పది నిమిషాల్లో పది కూతలు వస్తాయి, ముక్క ఉడకదు. మొదటి కూత రాగానే మంట తగ్గించి గడియారం చూడాలి. నేను ఇరవై నిమిషాలు కుక్కర్‌లో ఉంచి, ఆ తర్వాత వెడల్పు గిన్నెలోకి మార్చి మూత లేకుండా మరో అరగంట సన్నని మంట మీద ఉంచుతాను. కుక్కర్‌లో మరీ ఎక్కువసేపు ఉంచితే జెలటిన్ పోగులు కూడా తెగి పొట్టివైపోతాయి, షేర్వా పట్టు తప్పుతుంది.

రుచి సంగతికి వస్తే, నీళ్లున్న చోట వేడి మరిగే స్థాయిని దాటదు. మాంసాన్ని, ఉల్లిపాయను ఎర్రగా మార్చి కమ్మని వాసన పుట్టించే చర్య చురుకుగా సాగాలంటే 140 డిగ్రీలకు అటూ ఇటూ కావాలి. 1912లో ఫ్రాన్స్‌కు చెందిన లూయీ కామిల్ మైయార్ వివరించడంతో దానికి ఆయన పేరే వచ్చింది. ప్రొటీన్ల అమైనో ఆమ్లాలు కొన్ని రకాల చక్కెరలతో కలిసి వందల కొద్దీ కొత్త వాసన పదార్థాలను పుట్టిస్తాయి. మన వంటింట్లో దీనికి థర్మామీటర్ అక్కర్లేదు. "నూనె పైకి తేలే వరకు వేయించు" అని అమ్మ చెప్పే మాటే థర్మామీటర్. ఉల్లి, అల్లం వెల్లుల్లి ముద్ద, మాంసం నుంచి ఊరిన నీరు ఉన్నంతసేపు నూనె అందులో చిన్న బొట్లుగా కలిసి ఉంటుంది, వేడి వంద దగ్గరే ఆగిపోతుంది. గిన్నెలో చప్పుడు బుడబుడ నుంచి చిటపటకు మారి, నూనె అంచుల్లో విడిపడి మెరిసిందంటే నీరు అయిపోయిందని అర్థం. ఆ క్షణం నుంచి వేడి పైకి ఎక్కుతుంది, అసలు వేగడం అక్కడ మొదలవుతుంది. తొందరపడి ముందే నీళ్లు పోస్తే షేర్వా పచ్చివాసన కొడుతుంది. ఇంకో మాట. ముక్కలను ఎర్రగా వేయిస్తే రసం లోపలే బంధించబడుతుందని 19వ శతాబ్దంలో జర్మన్ రసాయన శాస్త్రవేత్త లీబిగ్ చెప్పిన మాట ఇప్పటికీ వినిపిస్తుంది. అది నిజం కాదు, వేయించిన ముక్క కూడా రసం వదులుతుంది. వేయించేది రుచి కోసమే.

ఇక లెక్క. నలుగురికి ఎముకతో కిలో మాంసం, పావుకిలో ఉల్లిపాయలు, రెండు వందల గ్రాముల టమాటాలు, మూడు వందల గ్రాముల సొరకాయ, రెండు చెంచాల నువ్వుల పొడి. ఉల్లిలో ఉన్న పిండి పదార్థం ఇరవై మూడు గ్రాముల చుట్టూ, టమాటాలో ఏడెనిమిది, సొరకాయలో పది, నువ్వుల్లో నాలుగైదు. నలుగురికి పంచితే మనిషికి పన్నెండు గ్రాములు దాటదు. మూడు వందల గ్రాముల వండిన అన్నంలో ఉండేది ఎనభై గ్రాములకు పైమాటే. అందుకే ఉల్లిపాయకు భయపడి తగ్గించుకోవద్దని నా సలహా. రుచికి అది ప్రాణం, లెక్కలో దాని వాటా చిన్నది. బంగాళాదుంప స్థానంలో సొరకాయ, కాలీఫ్లవర్, పుట్టగొడుగులు, వీటిలో ఏదైనా బాగుంటుంది. టమాటా, గోంగూర, చుక్కకూర లాంటి పులుపు కొల్లాజెన్‌ను ఉబ్బించి త్వరగా విడేలా చేస్తుంది కూడా. గోంగూర మాంసం వండిన మన పెద్దవాళ్లకు ఈ సంగతి చేతికి తెలుసు.

హైదరాబాదీ వంటల్లో అన్నీ ఈ లెక్కకు ఒదగవు. 2010లో భౌగోళిక గుర్తింపు పొందిన హలీమ్ చిక్కదనంలో పెద్ద పాత్ర గోధుమలదే. పెళ్లిళ్లలో ఇచ్చే మరగ్ అనే మటన్ షేర్వా పలుచగా ఉన్నా జీడిపప్పు ముద్ద ఎక్కువైతే లెక్క పెరుగుతుంది, దాని బదులు బాదం వాడుకోవచ్చు. పాయ మాత్రం రొట్టె తగ్గించుకుంటే మనకు చక్కగా సరిపోతుంది.

పాయ అనగానే ఎముక విరిగినవాళ్లకు అది పెట్టాలన్న మాట వస్తుంది. జెలటిన్ కడుపులో అమైనో ఆమ్లాలుగా విడిపోతుంది, నేరుగా మోకాలికి వెళ్లి అతుక్కోదు. ఎముకల్లోని కాల్షియం కూడా షేర్వాలోకి దిగేది చాలా తక్కువ. పైగా జెలటిన్‌లో ట్రిప్టోఫాన్ అనే తప్పనిసరి అమైనో ఆమ్లం లేదు. అందుకే షేర్వా ఒక్కటే తాగి ముక్కలు వదిలేయకూడదు. మనిషికి నూట యాభై గ్రాముల కండ వస్తే ముప్ఫై గ్రాముల దాకా ప్రొటీన్ అందుతుంది, ఆకలిని ఎక్కువసేపు ఆపేది అదే.

ఇది చదివి రేపటి నుంచే అన్నం పూర్తిగా మానేయాలనుకునేవారికి ఒక మాట గట్టిగా చెప్పాలి. ఇన్సులిన్ గానీ, రక్తంలో చక్కెరను బలంగా దించే మాత్రలు గానీ వాడుతున్నవారు పిండి పదార్థం హఠాత్తుగా తగ్గిస్తే చక్కెర ప్రమాదకరంగా పడిపోవచ్చు. మూత్రపిండాల జబ్బు ఉన్నవారికి ఎక్కువ ప్రొటీన్ పడకపోవచ్చు. మందుల మోతాదు డాక్టర్‌తో మాట్లాడి మార్చుకున్నాకే కంచం మార్చాలి. మా నాన్నగారి విషయంలోనూ అలాగే చేశాం, అన్నం రెండు నెలల్లో కొద్దికొద్దిగా తగ్గించాం.

మిగిలిన షేర్వాను పొయ్యి మీదే రాత్రంతా వదిలేయడం మన ఇళ్లలో మామూలే, అది మానుకోవాలి. మరిగించినా చావని క్లాస్ట్రిడియం అనే బ్యాక్టీరియా బీజాలు గోరువెచ్చని, గాలి అందని చిక్కని షేర్వాలో వేగంగా పెరుగుతాయి. లోతు తక్కువున్న పళ్లెంలోకి వంచి, పళ్లెం అడుగు చన్నీళ్లలో ఉంచి చల్లార్చి, రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లో పెట్టేయాలి. పొద్దున తెల్లని కొవ్వు పొరను చెంచాతో పెళ్లగించి తీసేస్తాను. అడుగున వణికే గడ్డను గిన్నెలో వేసి పొయ్యి మీద పెట్టి, కరిగి మరిగాక గుప్పెడు చుక్కకూర తుంచి వేస్తాను. నాన్న గ్లాసు తెచ్చుకుని వంటింటి గుమ్మంలోనే నిలబడతారు.