తల్లి రొయ్య కన్ను: నేపుల్స్ తొట్టెల్లో మొదలైన తగవు

2025 ఆగస్టులో మన సరుకులపై అమెరికా అదనపు సుంకం 50 శాతానికి చేరినప్పటి నుంచి గోదావరి డెల్టా రొయ్యల ఎగుమతిదారుల చూపు యూరప్ మీదికి, ముఖ్యంగా జూలైలోనే మనతో వాణిజ్య ఒప్పందంపై సంతకం చేసిన బ్రిటన్ మీదికి మళ్లింది. దానితోపాటే సద్దుమణిగిందనుకున్న ప్రశ్న ఒకటి మళ్లీ లేచింది: రొయ్య పిల్లలను పుట్టించే హేచరీలో తల్లి రొయ్యకు ఒక కన్ను తీసేయడం క్రూరత్వమా, కాదా? కన్ను తీయని తల్లుల సంతతినే కొనాలన్న నియమం వైపు బ్రిటన్‌లోని కొన్ని సూపర్ మార్కెట్లు మొగ్గుతున్నాయి. విదేశీ జాతి వనామీ రొయ్య ఎలా వచ్చిందో, అంతకుముందు పెంచిన టైగర్ రొయ్య ఎలా వెనకబడిందో, భీమవరం, ఉండి, ఆకివీడు వైపు వరిచేలు చెరువులుగా ఎలా మారాయో ఈ జిల్లాల పాఠకులకు కొత్తగా చెప్పనక్కరలేదు.

ఆ పని చూడడానికి చాలా చిన్నది. మసక వెలుతురు గదిలో తొట్టెలోంచి తల్లిని పట్టి, కాల్చిన పటకారుతో ఒక కంటి కాడను నొక్కుతారు, లేదా దారంతో బిగించి కడతారు. అండాశయం ఎదగకుండా ఆపే హార్మోను ఆ కాడలోనే తయారవుతుంది కనుక, అది సగానికి తగ్గగానే రొయ్య కొద్ది రోజుల్లో గుడ్లకు వస్తుంది. టార్చి వేసి చూస్తే వీపు పెంకు కింద నారింజ రంగు చార తేలుతుంది. ఈ సంగతిని 1943లో ఫ్రెంచి జంతుశాస్త్రవేత్త పనూజ్ మరో జాతి రొయ్యలో కనుగొన్నాడు. నొప్పి సంగతి అప్పుడు ఎవరి తలపులోనూ లేదు. వెన్నెముక లేని జంతువుకు చెప్పుకోదగిన మెదడు ఉంటుందని నమ్మినవారే తక్కువ.

ఆ నమ్మకాన్ని కదిలించినవాడు ఆంగ్ల జంతుశాస్త్రవేత్త జె.జెడ్. యంగ్ (1907–1997). ఈ తగవులో ఎగుమతి లెక్కల కన్నా ఆయన పనికే ఎక్కువ చోటు ఇవ్వాలి. ఆక్టోపస్‌కు దగ్గరి బంధువైన స్క్విడ్ శరీరంలో రక్తనాళాలని పొరబడిన గొట్టాలు నిజానికి మిల్లీమీటరు దాకా మందముండే నాడీతంతువులని 1930ల్లో ఆయన చూపించాడు. నాడీ సంకేతం ఎలా పుడుతుందో తేల్చి 1963లో నోబెల్ అందుకున్న హాడ్జ్‌కిన్, హక్స్‌లీలు ప్రయోగాలు చేసింది ఆ తంతువుల మీదనే. అయితే అసలు మలుపు ఆ తర్వాతిది. 1947 నుంచి ఇటలీలోని నేపుల్స్ సముద్ర జీవశాస్త్ర కేంద్రంలో ఆయన, బ్రయన్ బాయ్‌కాట్ కలిసి ఆక్టోపస్‌కు పీతను చూపించేవారు. పీత ఒంటరిగా ఉంటే తినవచ్చు. పక్కన తెల్ల పలక ఉంటే చిన్న విద్యుత్ దెబ్బ తగులుతుంది. నాలుగైదు సార్లకే ఆక్టోపస్ పలకను చూసి ఆగిపోవడం నేర్చేది. మెదడులో పైభాగపు తమ్మెను తొలగిస్తే మాత్రం నేర్చినది నిలిచేది కాదు. ఆ జీవి నాడీకణాలు దాదాపు 50 కోట్లని, వాటిలో ఎక్కువ భాగం చేతుల్లోనే ఉన్నాయని తర్వాత ఆయనే లెక్కగట్టాడు.

1950లో బీబీసీ రీత్ ఉపన్యాసాలలో ఆయన ఇంకో అడుగు వేసి, శాస్త్రజ్ఞుడి ఆలోచన కూడా మెదడు చేసే పనేనని, మెదడు తనకు అలవాటైన నమూనాలతోనే లోకాన్ని చూస్తుందని వివరించాడు. సందేహాన్నీ నిశ్చయాన్నీ శీర్షికలోనే పక్కపక్కన నిలిపిన ఆ ఉపన్యాసాలు మరుసటి ఏడాది పుస్తకంగా వచ్చాయి. రొయ్యకు నొప్పి లేదని ఇక్కడ కొందరు పలికే నిశ్చయాన్ని ఆ వెలుగులో చూడడం మంచిది.

చట్టం నిదానంగా నడిచింది. ప్రయోగశాల జంతువుల రక్షణకు బ్రిటన్ 1986లో చేసిన చట్టంలోకి సాధారణ ఆక్టోపస్ 1993లో చేరింది. 2021 నవంబరులో లండన్ స్కూల్ ఆఫ్ ఎకనామిక్స్ బృందం 300కు పైగా అధ్యయనాలను పరిశీలించి ఇచ్చిన నివేదిక తర్వాత, 2022 చట్టం పీతలనూ రొయ్యలనూ అనుభూతి గల జీవులుగా గుర్తించింది. అది కన్ను తీయడాన్ని నిషేధించలేదు. పైగా వనామీ కుటుంబపు రొయ్యలపై ఆధారాలు ఆక్టోపస్‌పై ఉన్నంత బలంగా లేవని ఆ నివేదికే ఒప్పుకుంది; తగినన్ని పరిశోధనలు జరగకపోవడమే అందుకు కారణమని కూడా చెప్పింది. జరిగిన కొద్దిపాటి పని మాత్రం ఒక వైపే చూపిస్తోంది: 2004 నాటి ఒక ప్రయోగంలో వనామీ తల్లుల కంటి కాడకు ముందుగా మత్తుమందు పూస్తే ఒత్తిడి లక్షణాలు తగ్గాయి.

కన్ను తీయకపోతే తల్లులు ఎక్కువ కావాలి, దిగుమతి తల్లుల ధర మోయలేమని హేచరీల వాదన. అది కాదనలేనిది. అయితే కన్ను తీయని తల్లుల పిల్లలు తెల్లమచ్చ వైరస్ తెగులును మెరుగ్గా తట్టుకున్నాయని 2021లో వెలువడిన అధ్యయనం చెరువు రైతుకూ పనికొచ్చేదే. ఇక ఇదంతా దొరల పట్టింపు అనేవారు మన 1960 నాటి జంతుహింస నివారణ చట్టం రెండో సెక్షన్ చదవాలి. మనిషి కాని ప్రాణి ఏదైనా అందులో జంతువే. ఉప్పాడ తీరపు తొట్టెలో ఒంటికన్నుతో తిరిగే తల్లి రొయ్యను ఆ నిర్వచనం మినహాయించలేదు.