పెళ్లి జరిపించే అర్హత ఎవరిది? అమెరికా చట్టాల వెనుక నాలుగు శతాబ్దాల నేపథ్యం

గుడి నుంచి పురోహితుణ్ణి పిలవాలా, లేక పిల్లను చిన్ననాటి నుంచి ఎరిగిన బాబాయి చేతనో మేనమామ చేతనో పెళ్లి జరిపించుకోవాలా అన్న చర్చ అమెరికాలోని తెలుగు ఇళ్లలో ఇప్పుడు కొత్తది కాదు. వధూవరుల్లో ఒకరు వేరే మతానికి చెందినప్పుడు ఆ చర్చ మరింత ముదురుతుంది. చాలామంది దీన్ని ఇష్టాయిష్టాల విషయంగానే చూస్తారు. కానీ అక్కడ కౌంటీ కార్యాలయం ఇచ్చిన మ్యారేజ్ లైసెన్సు మీద అర్హత ఉన్న వ్యక్తి సంతకం చేసి తిరిగి పంపితేనే చాలా రాష్ట్రాల్లో పెళ్లి నమోదవుతుంది. ఆ అర్హత ఎవరిదన్న వాదం అమెరికా అనే దేశం పుట్టకముందే మొదలైంది.

1621లో, ఇంగ్లండ్ నుంచి వచ్చినవారు ఇప్పటి మసాచుసెట్స్‌లో నెలకొల్పిన ప్లిమత్ కాలనీలో జరిగిన తొలి వివాహాన్ని మతాచార్యుడు కాక మేజిస్ట్రేటు జరిపించాడు. పెళ్లి లౌకికమైన ఒప్పందమే తప్ప చర్చి చేతిలోని సంస్కారం కాదన్నది ఆ వలసదారుల నమ్మకం. వారిలో చాలామంది అంతకుముందు కొన్నేళ్లు తలదాచుకున్న హాలండులోని పద్ధతి కూడా అదే. ఆ పెళ్లికొడుకు ఎడ్వర్డ్ విన్‌స్లో తర్వాత తానే మేజిస్ట్రేటుగా పెళ్లిళ్లు జరిపించాడు. 1634లో కాలనీ పని మీద ఇంగ్లండ్ వెళ్లినప్పుడు, మతాచార్యుడు కాకుండానే చర్చిలో బోధించావనీ పెళ్లిళ్లు జరిపించావనీ ఆరోపించి, ఇంగ్లండ్ చర్చి పెద్ద ఆర్చిబిషప్ లాడ్ ఆయన్ను లండన్‌లోని ఫ్లీట్ జైలుకు పంపాడు. సుమారు పదిహేడు వారాలు ఆయన అక్కడే ఉన్నాడు. మసాచుసెట్స్‌లో మతాచార్యులకు కూడా పెళ్లిళ్లు జరిపించే అధికారం దక్కింది 1692లోనే.

తర్వాతి కాలంలో అదే ఫ్లీట్ జైలు పరిసరాలు రహస్య వివాహాలకు పేరుమోశాయి. అప్పులపాలైన మతాచార్యులు డబ్బు పుచ్చుకుని, ముందస్తు ప్రకటనలూ పెద్దల అనుమతీ లేకుండా, వచ్చినవారికల్లా పెళ్లిళ్లు చేసేవారు. ఎవరికి ఎవరితో ఎప్పుడు పెళ్లయిందో తేలక ఆస్తి తగాదాలు పెరిగాయి. దాన్ని అరికట్టడానికి బ్రిటిష్ పార్లమెంటు 1753లో చట్టం చేసింది. అక్కడ తప్పు చేసినవారిలో చాలామంది దీక్ష పొందిన మతాచార్యులే కనుక, అసలు లోటు అర్హతలో లేదనీ జవాబుదారీలో ఉందనీ నా అభిప్రాయం. ఆ చట్టం నుంచి యూదులతో పాటు, క్వేకర్లు అనే క్రైస్తవ శాఖవారికీ మినహాయింపు ఇచ్చారు. క్వేకర్ల పెళ్లిలో జరిపించేవాడంటూ ఎవరూ ఉండరు. జంట సభ ఎదుట మాట ఇచ్చుకుంటుంది, వచ్చినవారంతా పత్రం మీద సంతకాలు చేస్తారు. పెన్సిల్వేనియాలో నేటికీ ఇలాంటి పెళ్లికి ప్రత్యేక లైసెన్సు ఉంది.

స్వతంత్ర అమెరికాలో రాష్ట్రాలు న్యాయాధికారులకూ మతాచార్యులకూ ఇద్దరికీ ఈ అధికారం ఇచ్చాయి. అయితే మతాచార్యుడంటే ఎవరో ప్రభుత్వం నిర్ణయించబోతే రాజ్యాంగంలోని మతస్వేచ్ఛ అడ్డం వస్తుంది. కాలిఫోర్నియాలోని మొడెస్టోలో కిర్బీ హెన్స్లీ నెలకొల్పిన యూనివర్సల్ లైఫ్ చర్చి ఈ సందులోనే ఎదిగింది. కోరినవారికల్లా, ఏ విశ్వాసమని అడగకుండా, తపాలాలో మతాచార్య పట్టా పంపడం దాని పద్ధతి. ఒక మతం మంచిచెడ్డలు తేల్చడం తమ పని కాదని 1974లో ఒక ఫెడరల్ కోర్టు చెప్పి, ఆ చర్చికి పన్ను మినహాయింపు ఇవ్వాలని తీర్పునిచ్చింది. ఇంటర్నెట్ వచ్చాక ఆ పట్టా నిమిషాల్లో చేతికందే వస్తువైంది, బంధువుల చేత పెళ్లి జరిపించుకోవాలనుకునేవారికి సులువైన దారి అయింది.

ఆ దారిలో ప్రమాదం ఎంతటిదో నార్త్ కరోలినా సుప్రీంకోర్టు 1980లో ఇచ్చిన తీర్పు చూస్తే తెలుస్తుంది. అక్కడ ఒక పెళ్లిని వధువు తండ్రే జరిపించాడు; ఆయన పది డాలర్లు పెట్టి తపాలాలో ఆ చర్చి పట్టా తెప్పించుకున్న సామాన్య కాథలిక్కు. ఆ భర్త తర్వాత మరో స్త్రీని పెళ్లాడగా ద్విభార్యత్వం కేసులో శిక్ష పడింది. మొదటి పెళ్లి చెల్లుతుందని ప్రభుత్వం రుజువు చేయలేకపోయిందంటూ సుప్రీంకోర్టు ఆ శిక్షను కొట్టివేసింది. కూతురి మీది ప్రేమతో తండ్రి చేసిన పనే, చివరికి ఆమెను వదిలివెళ్లినవాడికి రక్షణగా మారింది. ఇది చదివినప్పుడల్లా నాకు బాధ కలుగుతుంది. ఆ రాష్ట్రం వెంటనే మేల్కొని, 1981 జూలై 3కు ముందు ఆ చర్చి పట్టాదారులు జరిపిన పెళ్లిళ్లను, అప్పటికే కోర్టు రద్దుచేసినవి తప్ప, చెల్లుబాటు చేస్తూ చట్టం తెచ్చింది.

ఇతర చోట్ల తీర్పులు ఒక దారిన నడవలేదు. ఆన్‌లైన్ పట్టాలను నిషేధించిన యూటా చట్టాన్ని 2002లో ఫెడరల్ కోర్టు కొట్టివేసింది. పెన్సిల్వేనియాలో యార్క్ కౌంటీ జడ్జి 2007లో అలాంటి ఒక పెళ్లి చెల్లదన్నారు. మరుసటి ఏడాది అదే రాష్ట్రంలోని బక్స్ కౌంటీ కోర్టు అలాంటిదే మరో పెళ్లి చెల్లుతుందంది. టెనెసీ 2019లో ఆన్‌లైన్ పట్టాలపై నిషేధం తెచ్చింది. గమనించవలసినదేమంటే, ఈ తగాదాల్లో బంధువు అన్నందుకు ఏ కోర్టూ అభ్యంతరం చెప్పలేదు. ఆ వ్యక్తి వెనుక ఒక సంఘం గానీ ప్రభుత్వ కార్యాలయం గానీ ఉందా అన్నదే వారి ప్రశ్న.

ఈ ప్రశ్నకు సూటిగా జవాబిచ్చే ఏర్పాటు ఒక్కరోజు అనుమతి. మసాచుసెట్స్‌లో గవర్నరు పేరిట, ఒక నిర్దిష్ట పెళ్లికి మాత్రమే, బంధువుకో స్నేహితుడికో ఆ అధికారం ఇస్తారు. న్యూయార్క్‌లో 2023 మార్చి నుంచి ఊరి లేదా నగర క్లర్కు వద్ద 25 డాలర్లు కట్టి ఇలాంటి అనుమతి పొందవచ్చు. కొలరాడోలో జంట తమ పెళ్లి తామే జరుపుకుని సంతకం చేయవచ్చు. అలబామా 2019లో ఒకడుగు ముందుకు వేసి, నోటరీ చేయించిన పత్రం దాఖలు చేస్తే చాలు, తంతు అక్కరలేదంది.

పెళ్లి చేసుకునేవారు, చేసేవారు వేరు, తంతు జరిపించేవారు వేరు అన్న విభజన మనవారికి పరాయిది కాదు. తెలుగు పెళ్లిలో కన్యాదానం చేసేది తల్లిదండ్రులు, తాళి కట్టేది వరుడు. పురోహితుడు మంత్రం చెప్పి చేయిస్తాడు. 1955 నాటి హిందూ వివాహ చట్టంలోని ఏడో సెక్షను కూడా ఆచారాల గురించి చెబుతుందే గానీ, వాటిని ఫలానావారే జరిపించాలని చెప్పదు. బారిస్టరుగా తెనాలిలో స్థిరపడిన త్రిపురనేని రామస్వామి చౌదరి, వివాహవిధిని తెలుగులో రాసి, తానే స్వయంగా పెళ్లిళ్లు జరిపించారు.

కాబట్టి మేనమామ చేత పెళ్లి జరిపించుకోదలచినవారు, లైసెన్సు ఇచ్చే కౌంటీ క్లర్కును ముందుగానే అడిగి, ఒక్కరోజు అనుమతి ఉంటే దాన్నే ఎంచుకోవడం ఆన్‌లైన్ పట్టా కంటే మేలని నా అభిప్రాయం. అది లేని రాష్ట్రంలో, కోర్టులో న్యాయాధికారి ఎదుట చట్టపరమైన సంతకాలు పూర్తి చేసుకుని, బంధుమిత్రుల మధ్య జరిగే వేడుకను మేనమామకు అప్పగించవచ్చు. గుడి పురోహితుణ్ణి పిలిచినా, లైసెన్సు మీద ఆయన సంతకం ఆ రాష్ట్రంలో చెల్లుతుందా అన్న ప్రశ్న అడగక తప్పదు.