పాత తెలుగు పుస్తకానికి దారులు

పాత తెలుగు పుస్తకం ఏదైనా కావాలని వాట్సాప్ గ్రూపులో అడిగితే చాలాసార్లు గంటలో పీడీఎఫ్ వచ్చేస్తుంది. ఆ ఫైళ్లలో చాలావాటి పుట్టిల్లు డిజిటల్ లైబ్రరీ ఆఫ్ ఇండియా. చిత్తూరు జిల్లా కాటూరులో పుట్టిన కంప్యూటర్ శాస్త్రవేత్త రాజ్ రెడ్డి అమెరికాలో ఉంటూ తలపెట్టిన పది లక్షల పుస్తకాల ప్రాజెక్టులో అదొక భాగం. 2000 తర్వాత బెంగళూరు ఐఐఎస్‌సీ, హైదరాబాద్ ట్రిపుల్ ఐటీ వంటి సంస్థలు గ్రంథాలయాల్లోని వేలాది తెలుగు పుస్తకాలను స్కాన్ చేయించాయి. ముట్టుకుంటే పొడిగా రాలే కాగితాలవి. ఆ శ్రమే లేకపోతే వాటిలో ఎన్నో ఈపాటికి మాయమయ్యేవి.

అయితే కాపీరైట్ హక్కుల గడువు తీరినవీ తీరనివీ అందులో కలిసిపోయాయి. కాపీరైట్ చిక్కులతో 2017 ప్రాంతంలో ఆ సైటు మూతపడింది. స్కాన్లు చాలావరకు ఇంటర్నెట్ ఆర్కైవ్ అనే ఉచిత వెబ్‌సైటులో దొరుకుతున్నాయి. అక్కడ కనిపించినంత మాత్రాన పుస్తకం అందరిదీ అయిపోదు. ముందు చూడాల్సింది రచయిత చనిపోయిన ఏడాది.

1957 కాపీరైట్ చట్టం ప్రకారం రచయిత మరణం తర్వాత 50 ఏళ్లు హక్కు ఉండేది. 1941లో కన్నుమూసిన టాగూర్ రచనల గడువు 1991తో ముగియబోతుంటే, ప్రభుత్వం దాన్ని 60 ఏళ్లు చేసింది. ఆ పదేళ్లు రచయితలందరికీ కలిసొచ్చాయి. 1915లో పోయిన గురజాడ రచనలు ఎప్పుడో అందరివీ అయ్యాయి. 1976లో పోయిన విశ్వనాథ పుస్తకాలకు 2036 చివరి దాకా హక్కులుంటాయి. అనువాదమైతే అనువాదకుడి లెక్క వేరే చూసుకోవాలి.

హక్కులు తీరిన పుస్తకాలు కొన్ని తెలుగు వికీసోర్స్ అనే ఉచిత ఆన్‌లైన్ గ్రంథాలయంలో టైపు చేసి ఉన్నాయి. మిగతావాటికి గ్రంథాలయమే దిక్కు. రాజమండ్రి గౌతమీ, 1918లో మొదలైన వేటపాలెం సారస్వత నికేతనం మనకు దగ్గర. 1954 చట్టం కింద ప్రచురణకర్తలు ప్రతి పుస్తకాన్నీ పంపాల్సిన లైబ్రరీల్లో చెన్నై కన్నెమరా ఒకటి. ఒకప్పుడు తెలుగు అచ్చుకు మద్రాసే పెద్ద కేంద్రం కాబట్టి అక్కడ వెతకడం తప్పనిసరి అంటాను.

నా బాధంతా హక్కులు తీరక, మళ్లీ అచ్చూ కాక మధ్యలో చిక్కుకున్న పుస్తకాల గురించే. చాలామందికి తెలియని వెసులుబాటు ఒకటి కాపీరైట్ చట్టంలోనే ఉంది. దేశంలో ఎక్కడా అమ్మకానికి లేని పుస్తకాన్ని వ్యాపారం చేయని ప్రజా గ్రంథాలయం తన అవసరానికి మూడు ప్రతుల దాకా తీయించుకోవచ్చు. సెక్షన్ 52. మన ఊరి లైబ్రేరియన్‌ని ఆ మాట అడగొచ్చు.