అట్టు కింద చారు: ఫ్రిటాటా గురించి అపోహలు, వాస్తవాలు

శ్రీకాకుళంలో మా ఇంటి వంటగదిలోనే బేకింగ్ ఆర్డర్లు చేస్తుంటాను. కేకుల తర్వాత ఎక్కువగా అడిగేది ఫ్రిటాటా, అంటే కూరగాయలు, చీజ్ వేసి ఓవెన్‌లో కాల్చిన మందపాటి గుడ్డట్టు. సెలవు రోజు ఆలస్యంగా లేచి, టిఫినూ భోజనమూ కలిపి పదకొండింటికి తినే ఇళ్ళకి ఇది బాగా సరిపోతుంది. నేర్చుకుంటామని వచ్చేవాళ్ళు కొన్ని నమ్మకాలు కూడా వెంటబెట్టుకుని వస్తారు. వాటిలో సగం ఒకప్పుడు నావే.

అపోహ: కూరగాయలు పచ్చిగా వేస్తేనే బలం.

నా మొదటి ఆర్డరు దీనివల్లే పాడైంది. లేత ఆనపకాయ తురిమి, టమాటాలు కోసి, అలాగే గుడ్ల సొనలో కలిపేశాను. పైకి చక్కగా బంగారు రంగు వచ్చింది. కాసేపటికి ఆ ఇంటి పెద్దావిడ ఫోను: "అట్టు కింద చారు పోసి పంపించావేటమ్మా?" ఇంక డబ్బులేం అడుగుతాను.

ఆనపకాయలోనూ టమాటాలోనూ నూటికి 90 పాళ్ళకు పైగా నీరే. ఉప్పుకి, వేడికి ఆ నీరు దిగుతుంది. అప్పటికి చుట్టూ గుడ్డు గట్టిపడిపోయి ఉంటుంది కాబట్టి పోయే దారి లేక అడుగున చేరుతుంది. అందుకని ఆనపకాయ, బీరకాయ తురుముకి ఉప్పు రాసి పది నిమిషాలు ఉంచి, గుడ్డలో వేసి గట్టిగా పిండాలి. తోటకూర, పాలకూర మగ్గాక పిండాలి. పుట్టగొడుగులు, క్యాప్సికం, ఉల్లిపాయ మూత పెట్టకుండా వేయించాలి. మొదట బుడబుడమన్న మూకుడు కాసేపటికి చిటపటమంటుంది. ఆ చప్పుడు మారిందంటే నీరు పోయినట్టే. బంగాళాదుంప మాత్రం ముందే ఉడికించాలి, ఓవెన్‌లో ఉండే కాసేపటికి అది ఉడకదు. అన్నీ చల్లారాకే సొనలో కలపండి. ఇక బలమంటారా, పచ్చిగా వేసినా ఓవెన్‌లో వేడి తగలక మానదు కదా.

అపోహ: నీసు వాసన పోవాలంటే ఇంకో పది నిమిషాలు ఉంచాలి.

ఇది ప్రతి బ్యాచ్‌లోనూ ఎవరో ఒకరు అంటారు. నిజానికి జరిగేది తిరగబడి ఉంటుంది. గుడ్డు అతిగా వేడెక్కితే తెల్లసొనలోని గంధకం వాయువుగా మారుతుంది. కుళ్ళిన గుడ్డుకి ఉండే వాసన అదే. ఎక్కువసేపు ఉడికించిన గుడ్డులో పచ్చసొన చుట్టూ ఆకుపచ్చ వలయం చూసే ఉంటారు. ఆ గంధకం పచ్చసొనలోని ఇనుముతో కలవడం వల్ల వచ్చిన రంగది. అంతేకాదు, అతిగా ఉడికిన గుడ్డు బిగుసుకుపోయి తనలోని నీటిని బయటికి పిండేస్తుంది. కూరగాయలన్నీ శుభ్రంగా పిండి వేసినా కింద మళ్ళీ చారే.

తెల్లసొన 60 డిగ్రీలు దాటగానే గట్టిపడటం మొదలవుతుంది. మధ్యలో 71 డిగ్రీలు వస్తే తినడానికి భయం లేదు. 20 సెంటీమీటర్ల గిన్నెలో ఆరు గుడ్లకు, ఓవెన్ 175 నుంచి 180 మధ్య ఉంటే, నాకు 20 నుంచి 25 నిమిషాలు పడుతుంది. గిన్నెని కాస్త కుదిపితే అంచులు కదలకూడదు, నడిమి మాత్రం పెరుగు తోడుకున్నట్టు కొద్దిగా వణకాలి. అప్పుడే తీసేయండి. బయట పెట్టిన పది నిమిషాల్లో లోపలి వేడికే మిగతాది సర్దుకుంటుంది. నీసు వాసన ఇష్టం లేకపోతే మిరియాలు, కొత్తిమీర, కాస్త వెల్లుల్లి వేసుకోవచ్చు.

ఓటీజీ (ఇళ్ళలో వాడే చిన్న కరెంటు ఓవెన్) నాబ్ మీద 180 ఉంటే లోపలా అంతే ఉంటుందని నమ్మకండి. చిన్న ఓవెన్ థర్మామీటరు కొనుక్కుంటే ఈ టెన్షన్ ఉండదు.

అపోహ: పొంగితే బాగా కుదిరినట్టు.

ఆ పొంగు ఆవిరి, గాలి. బయటికి తీయగానే దిగిపోతుంది. నురగ వచ్చేదాకా గిలక్కొడితే ఇంకా ఎక్కువ పొంగి, ఇంకా ఎక్కువ కుంగుతుంది. తెలుపూ పసుపూ కలిసేదాకా ఫోర్కుతో కలిపితే చాలు.

అపోహ: పాలు, చీజ్ ఎంత పోస్తే అంత రుచి.

ఆరు గుడ్లకు 60 మిల్లీలీటర్ల పాలు చాలు. అంతకు మించితే ముక్క నిలబడదు. పాల బదులు మీగడ వేస్తే ఇంకా నయం, నీరు తక్కువ కదా. చీజ్ 60 నుంచి 80 గ్రాములు వేస్తాను. ప్రాసెస్డ్ చీజ్‌లో ఉప్పు ముందే ఉంటుంది, సొనలో ఉప్పు తగ్గించండి. పనీర్ కరుగుతుందని ఎదురుచూడకండి. పాలు విరగ్గొట్టి చేసింది కాబట్టి ఎంత కాల్చినా ముక్క ముక్కగానే ఉంటుంది. తినడానికి బాగానే ఉంటుంది, సాగదు అంతే.

పలాస మన జిల్లాదే కదా అని జీడిపప్పు లోపల కలిపేవాళ్ళున్నారు. తడికి మెత్తబడిపోతుంది. పైన చల్లండి.

అపోహ: నాటుగుడ్లయితే ఇంకా బాగా వస్తుంది.

రుచి మీ ఇష్టం. కానీ నాటుగుడ్డు చిన్నది, లెక్క తప్పుతుంది. ఆరు గుడ్ల లెక్కకి పెంకు తీసిన సొన 300 గ్రాములు తూచి పోసుకోండి. పెంకు రంగు కోడి జాతిని బట్టి ఉంటుంది, బలాన్ని బట్టి కాదు.

అపోహ: ఓవెన్ లేకపోతే కుదరదు.

ఫ్రిటాటా అనే ఇటాలియన్ మాట వేయించడం నుంచి వచ్చింది. అక్కడి పాత పద్ధతి పొయ్యి మీదే. దిబ్బరొట్టి కాల్చడం వచ్చినవాళ్ళకి నేను కొత్తగా చెప్పేదేమీ లేదు. మందపాటి మూకుడు, మూత, సన్నటి సెగ. అడుగు పట్టాక కంచం మీదకి బోర్లించి, మళ్ళీ మూకుట్లోకి జార్చి రెండో వైపు కాల్చండి. అంచు కరకరలాడటంలో ఓవెన్‌ది దీని ముందు దిగదుడుపే.

సూర్యదేవుడి గుడి ఉన్న అరసవల్లి పక్కనే ఉన్న ఊరు మాది. ఆదివారం గుడ్డు ముట్టని ఇళ్ళున్నాయి. శనగపిండితో చేసిపెట్టమ్మా అంటారు, చేస్తాను. బాగానే ఉంటుంది గానీ దాన్ని ఫ్రిటాటా అని మాత్రం అనను.

ఒక్క జాగ్రత్త. చల్లారినా ఇది బాగుంటుంది కాబట్టి బల్ల మీదే వదిలేస్తుంటారు. మన ఎండాకాలంలో గంట దాటనివ్వకండి, ఫ్రిజ్‌లో పెట్టండి. మర్నాడు మైక్రోవేవ్‌లో పెడితే రబ్బరులా సాగుతుంది. పెనం మీద సన్నటి సెగన మూతపెట్టి వేడిచేసుకోవాలి. మా ఇంట్లో అంతవరకూ ఆగరు, పొద్దున్నే ఫ్రిజ్ తలుపు తీసి, చల్లటి ముక్కలోనే ఆవకాయ నంజుకుంటారు.