చెన్నైలో గ్లేజ్, బెంగళూరులో బంక

బెంగళూరులో మా అపార్టుమెంటు మూడో అంతస్తులో ఒక కర్నూలు అమ్మాయి ఉంటుంది. ఉద్యోగం మానేసి ఇంట్లోనే కేకులు, టార్టులు చేసి ఆర్డర్ల మీద అమ్ముతుంది. పోయిన నెల ఒక సాయంత్రం స్టీలు గిన్నె పట్టుకుని వచ్చింది. గిన్నెలో తేనె రంగులో ఏదో మెరుస్తోంది. అందులో దిగబడి ఉన్న చెంచా పట్టుకుని ఎత్తితే గిన్నె కూడా లేచింది.

"అంకుల్, ఇది టార్టు మీద పండ్ల ముక్కలకు పూసే జామ గ్లేజ్. చెన్నైలో మా అక్క చేస్తే బ్రష్‌తో పూయగానే జారుతుంది, పది నిమిషాల్లో పట్టేస్తుంది. అవే కొలతలు. థర్మామీటర్ కూడా అక్కదే. 104 డిగ్రీలు రాగానే దించేశాను. నాకెందుకు ఇలా బంకలా వస్తోంది?"

వాళ్లమ్మగారు వెనకాలే వచ్చారు. "ఎవరి దిష్టి తగిలిందోనండీ, రెండుసార్లు ఇలాగే అయింది" అన్నారు. మన ఇళ్లలో ఆవకాయ బూజు పట్టినా, పెరుగు తోడుకోకపోయినా ఎవరో ఒకరి కన్నో, ఎవరో ముట్టుకోవడమో కారణమైపోతుంది. పాపం, జాడీలో మిగిలిన తడిని ఎవరూ అనుమానించరు. ఇక్కడ కూడా దొంగ నీళ్లే. కాకపోతే ఈసారి ఎక్కువై కాదు, తక్కువై.

గ్లేజ్ అంటే తెలియని వాళ్లు బెంగళూరు అయ్యంగార్ బేకరీల్లో దొరికే హనీ కేకును తలచుకోండి. దాని మీద ఎర్రగా మెరిసే జామ్ పొర ఉంటుంది చూడండి, అదీ గ్లేజే. కోసిన పండు ముక్క పైభాగం గరుకుగా ఉంటుంది, పడ్డ వెలుతురును అన్ని వైపులకూ చెదరగొడుతుంది. దాని మీద నున్నటి పాకం పొర వేస్తే వెలుతురు ఒకే దిశలో తిరిగొస్తుంది, ముక్క మెరుస్తుంది. పైగా గాలి తగలదు కాబట్టి ఆపిల్ ముక్క తొందరగా నల్లబడదు. మెరుపు సంగతి ఇంతే. నాకు ఆసక్తి ఉన్నది ఆ పాకం జారడం ఎప్పుడు మానేసి నిలబడుతుందన్న దాని మీద.

నిలబెట్టేది పెక్టిన్. మొక్కల కణాల గోడల్లో, కణానికీ కణానికీ మధ్య ఉండే జిగురు పదార్థం ఇది. 1825లో ఫ్రెంచ్ రసాయన శాస్త్రవేత్త ఆంరీ బ్రాకోనో దీన్ని వేరుచేసి, గడ్డకట్టడం అనే అర్థం ఉన్న గ్రీకు మాట నుంచి పేరు పెట్టాడు. ఒక్కో పెక్టిన్ అణువూ చాలా పొడవాటి గొలుసు. గలాక్టురోనిక్ ఆమ్లం ముక్కలు వందల కొద్దీ వరసగా కట్టుకుని ఉంటాయి. ఈ గొలుసులు అక్కడక్కడా ఒకదానితో ఒకటి ముడిపడి వల అల్లితే, ఆ వల గళ్లలో పాకం చిక్కుకుపోతుంది. జెల్లీ అంటే అదే.

అయితే ఈ గొలుసులకు ఒకదానితో ఒకటి కలవడం ఇష్టం ఉండదు. అలిగిన వియ్యాలవారనుకోండి. పెళ్లి పందిట్లో మగపెళ్లివారు ఒక మూల, ఆడపెళ్లివారు ఒక మూల. ఒక్కో జట్టు చుట్టూ చుట్టాలు మూగి ఉన్నారు. ఆ చుట్టాలే నీటి అణువులు. అవతలి వాళ్ల ముఖం కనిపించనివ్వరు, ఇక చేతులు ఎక్కడ కలుస్తాయి? అది చాలదన్నట్టు లోపల అలక కూడా ఉంది. పెక్టిన్ గొలుసు మీద అక్కడక్కడా రుణావేశం ఉంటుంది, రెండు గొలుసులకూ ఒకే రకం ఆవేశం కాబట్టి దగ్గరికొస్తే తోసుకుంటాయి.

ఇప్పుడు చక్కెర వేశాం. అది భోజనాల పిలుపు. చక్కెరకు నీళ్లంటే మహా ప్రీతి, నీటి అణువులన్నిటినీ తనవైపు లాక్కుంటుంది. చుట్టాలంతా బంతికి లేచిపోయారు. పందిట్లో వియ్యాలవారు మాత్రమే మిగిలారు, ఎదురెదురుగా, కానీ అలక అలాగే ఉంది. అప్పుడు నిమ్మరసం వస్తుంది. ఆమ్లంలో ఉన్న హైడ్రోజన్ అయాన్లు గొలుసు మీది రుణావేశాలను కప్పేస్తాయి. ఊరి పెద్దమనిషి వచ్చి ఇద్దరికీ సర్దిచెప్పినట్టు. తోసుకోవడం ఆగింది. ఇక మిగిలింది వేడి ఒక్కటే. వేడిగా ఉన్నంతసేపూ గొలుసులు బ్యాండు మేళానికి గంతులేస్తూనే ఉంటాయి. చల్లారితే కుదురుగా నిలబడి, హైడ్రోజన్ బంధాలతో చేతులు కలుపుతాయి.

ఈ పెళ్లిని నేను ఇంకాస్త సాగదీస్తాను, ఎందుకంటే గ్లేజ్ ఎక్కడ చెడినా కారణం ఇందులోనే దొరుకుతుంది. నిమ్మరసం మరీ ఎక్కువైతే వియ్యాలవారి ప్రేమ మితిమీరి వల బిగుసుకుంటుంది, లోపలి రసాన్ని బయటికి పిండేస్తుంది. జెల్లీ చుట్టూ నీరు ఊరడం అందుకే. పండు మరీ మగ్గితే అందులోని ఎంజైములు గొలుసులను ముక్కలు ముక్కలు చేసేస్తాయి. చేతులు పొట్టివైపోయాయి, ఎంత చక్కెర వేసినా అందవు. అందుకే గ్లేజుకు దోరజామ కావాలి గానీ, వాసనకే ఇల్లంతా నిండిపోయే మగ్గిన జామ పనికిరాదు. స్ట్రాబెర్రీ, మామిడిపండు లాంటి వాటిలో మొదటినుంచీ పెక్టిన్ తక్కువ, వాటికి అరువు తేవాల్సిందే.

ఇంకో రకం పెక్టిన్ ఉంది, దానికి చక్కెర ఎక్కువ అక్కర్లేదు. అందులో అలిగిన చోట్లు, అంటే రుణావేశాలు, ఎక్కువ. దానికి కాల్షియం కావాలి. కాల్షియం అయానుకు రెండు ధనావేశాలు, అచ్చం పెళ్లిళ్ల పేరయ్యలా ఒక చెయ్యి ఇటు, ఒక చెయ్యి అటు పట్టుకుని కలిపేస్తుంది. చక్కెర తక్కువ వేసిన జాముల్లో వాడేది ఈ రకమే. ఇక పందిరి విప్పేద్దాం.

కొంచెం లెక్కల్లోకి వెళ్లక తప్పదు. మామూలు జామ, నిమ్మ పెక్టిన్ పట్టాలంటే రసం పీహెచ్ (పులుపును కొలిచే అంకె, పులుపు పెరిగితే ఇది తగ్గుతుంది) దాదాపు 3.5 కంటే తక్కువ ఉండాలి, చక్కెర సుమారు 65 శాతం ఉండాలి. పాకంలో 65 శాతం చక్కెర ఉందని ఎలా తెలుసు? చక్కెర కరిగిన కొద్దీ నీళ్ల మరుగు ఉష్ణోగ్రత పెరుగుతుంది. 65 శాతం దగ్గర ఆ పెరుగుదల దాదాపు 4 డిగ్రీలు. వంటల పుస్తకాల్లో కనిపించే 104 అక్కడి నుంచి వచ్చింది, 100కి 4 కలిపితే 104.

కానీ ఆ 100 ఎవరిది? చెన్నైది. సముద్రం ఒడ్డున ఉన్న ఊరిది. బెంగళూరు సముద్ర మట్టానికి సుమారు 900 మీటర్ల ఎత్తులో ఉంది. ఇక్కడ గాలి ఒత్తిడి తక్కువ కాబట్టి నీళ్లు 97 డిగ్రీల దగ్గరే మరిగిపోతాయి. కాబట్టి ఇక్కడ గ్లేజ్ 101 దగ్గరే సిద్ధం. ఈ అమ్మాయి 104 వచ్చేదాకా మరిగించింది, అంటే పెరుగుదల 4 కాదు, 7. ఆ లెక్కన చక్కెర 75 శాతం దాకా పోతుంది. చూడ్డానికి పది శాతమే తేడా. కానీ నీళ్ల వైపు నుంచి చూడండి. 100 గ్రాముల చక్కెరకు చెన్నై గిన్నెలో 54 గ్రాముల నీళ్లుంటే, బెంగళూరు గిన్నెలో 33 గ్రాములే. మామూలు గది వేడిలో నీళ్లు 67 శాతం కంటే ఎక్కువ చక్కెరను పట్టుకోలేవు కాబట్టి, నాలుగు రోజులు ఉంచితే పలుకులు కూడా కడుతుంది. చక్కెర ఇంత చిక్కబడితే పెక్టిన్ ఎక్కువ వేడి దగ్గరే పట్టేస్తుంది. బ్రష్ ముంచేలోపే ముద్దకట్టడానికి అదీ కారణం.

నీళ్లు 100 డిగ్రీల దగ్గర మరుగుతాయని మనమంతా బడిలో బట్టీపట్టాం. ఆ వాక్యానికి ముందు "సముద్ర మట్టం దగ్గర" అని పుస్తకంలో ఉంటుంది, పరీక్షలో మార్కు మాత్రం 100కే ఇస్తారు. బెంగళూరులో బడిపిల్లల చేత ఒక్కసారి థర్మామీటర్ పెట్టి చూపిస్తే చాలు, వాతావరణ పీడనం పాఠం సగం చెప్పేసినట్టే. ఎందుకు చేయించరో నాకు అర్థం కాదు.

మన అమ్మమ్మలకు ఈ చిక్కు రాలేదు. లేత పాకం, తీగ పాకం, అరిసెలకు ఉండ పాకం. వేళ్ల మధ్య తీగ సాగుతోందా, నీళ్లలో వేస్తే ఉండ కడుతోందా అని చూశారు. వాళ్లు కొలిచింది పాకం వేడిని కాదు, పాకంలో నీళ్లు ఎంత మిగిలాయన్నది. ఆ పరీక్ష అటు మద్రాసులోనూ ఇటు మదనపల్లెలోనూ ఒకేలా పనిచేస్తుంది. థర్మామీటర్ పాకంతో పాటు ఊరి గాలిని కూడా కొలుస్తుంది.

ఆ అమ్మాయికి మాత్రం నేను థర్మామీటర్ పక్కన పెట్టి తూకం పట్టమన్నాను. వంటింట్లో డిజిటల్ కాటా ఎలాగూ ఉంది. చక్కెర 130 గ్రాములు వేస్తే, అది 65 శాతం కావాలంటే మొత్తం 200 గ్రాములు మిగలాలి. పండు రసంలో ఉండే తీపి కొంచెమే, వదిలేయొచ్చు. ఖాళీ గిన్నె బరువు ముందే రాసుకుని, మరిగిస్తూ మధ్యమధ్యలో దించి తూచడమే. ఆమె 104 దాకా మరిగించినప్పుడు మిగిలి ఉండేది దాదాపు 173 గ్రాములు. అంటే పదిహేను గ్రాముల చెంచాతో రెండు చెంచాలు కూడా నిండని నీళ్లు అదనంగా ఆవిరైపోయాయి, అంతే. దిష్టి బరువు 27 గ్రాములన్నమాట.

ఆదివారం మా వంటింట్లోనే చేశాం. రెండు దోరజామకాయలు గింజలతో సహా ముక్కలు కోసి, మునిగేదాకా నీళ్లు పోసి ఇరవై నిమిషాలు ఉడికించింది. పాత పంచె గుడ్డలో వేసి వేలాడదీశాం. త్వరగా కావాలని మూట పిండబోతే ఆపాను. పిండితే గుజ్జు కూడా దిగి గ్లేజ్ మసకబారుతుంది. దిగిన రసానికి చక్కెర, ఒక చిన్న చెంచా నిమ్మరసం. గిన్నె బరువు పోగా కాటా 201 చూపించినప్పుడు పొయ్యి కట్టేసింది. ఫ్రిజ్‌లో పెట్టిన ప్లేటు మీద ఒక చుక్క వేసి, నిమిషం ఆగి వేలితో నెట్టాను. చుక్క ముందు సన్నటి ముడత లేచింది. పాల మీద మీగడను నెట్టినట్టు.

వేడి మీదే టార్టుకు పూస్తుంటే పైనాపిల్ ముక్కల దగ్గర ఆగింది. పైనాపిల్ జెల్లీని కరిగించేస్తుందట కదా అంకుల్ అంది. కరిగించేది జెలటిన్ జెల్లీని. జెలటిన్ ప్రోటీన్, పచ్చి పైనాపిల్‌లో ఉండే బ్రోమెలైన్ ప్రోటీన్లను కోసే ఎంజైము. బొప్పాయి, కివీ కూడా అంతే. పెక్టిన్ ప్రోటీన్ కాదు, చైనా గ్రాస్ కూడా కాదు, వాటి జోలికి ఆ కత్తెర రాదు. ఈ తేడాయే ఒకప్పుడు సూక్ష్మజీవశాస్త్రాన్ని ఆదుకుంది. జర్మన్ సూక్ష్మజీవ శాస్త్రవేత్త రాబర్ట్ కాక్ ప్రయోగశాలలో బాక్టీరియాను పెంచే జెలటిన్ వేడికి కరుగుతూ, బాక్టీరియాకే ఆహారమైపోతూ విసిగిస్తుంటే, అక్కడ పనిచేసే వాల్టర్ హెస్సే భార్య ఫానీ హెస్సే 1881లో తన వంటింటి జెల్లీల్లో వాడే అగర్‌ను, అంటే మన చైనా గ్రాస్‌నే, వాడి చూడమంది. ఇప్పటికీ ల్యాబుల్లో అదే వాడుతున్నారు.

గిన్నెలో ఇంకో నాలుగు చెంచాల గ్లేజ్ మిగిలింది. సీసాలో పోసుకుంటూ, వచ్చే వారం వేడి చేసి వాడుకుంటానంది. ఈ రకం పెక్టిన్ ఒకసారి పట్టాక మళ్లీ వేడి చేసినా పూర్తిగా కరగదు, నీళ్లు కలిపితే పలచబడి మళ్లీ సరిగ్గా పట్టదు. బేకరీలకు డబ్బాల్లో వచ్చే గ్లేజ్ మళ్లీ మళ్లీ కరుగుతుందంటే అందులో ఉన్నది సాధారణంగా కాల్షియం పట్టుకునే ఆ రెండో రకం. ఇది మాత్రం రేపు పొద్దున చపాతీలోకి వాడుకోవలసిందే అన్నాను.

వాళ్లమ్మగారు సీసా అందుకుని, "ఈసారి గుమ్మానికి నిమ్మకాయ కట్టానులెండి" అన్నారు. సరే, ఎలాగైతేనేం, నిమ్మకాయ పాత్ర కూడా ఉంది.